అరువు గొంతు

ఓదిల్లా ఏం పని చేస్తుందో ఆమె ఇంటి యజమానురాలికి చివరిదాకా తెలియదు. రేడియోలో వంటలు చదువుతానని చెప్పుకుంది. ఆ ముసలమ్మ నమ్మడమే కాదు, "నిన్న పొద్దున్న విన్నానమ్మా, గుమ్మడికాయ సూపు గురించి భలే చెప్పావు" అని మెచ్చుకునేది కూడా. ఓదిల్లా తల వంచుకుని, థాంక్స్ అమ్మా అని చెప్పి మెట్లెక్కి వెళ్లిపోయేది.

అసలు సంగతి ఏమిటంటే, ఆ రోజుల్లో రోములో తీసిన మూడో రకం సినిమాల్లో బట్టలిప్పిన ప్రతి పిల్లకీ గొంతు ఓదిల్లాదే. మూలుగు కావాలన్నా, కేక కావాలన్నా, ప్రాణం పోయేముందు గురక కావాలన్నా ఆమెకే కబురు వెళ్లేది. మనిషి యాభై దాటింది. బొద్దుగా ఉండేది, మోకాళ్ల నొప్పులు, వేసవిలో కూడా మెడకి ఊలు మఫ్లరు. నోట్లో సోంపు బిళ్ల చప్పరిస్తూ మా నేలమాళిగ డబ్బింగు థియేటర్లోకి దిగి, మైకు ముందు నిలబడి పద్దెనిమిదేళ్ల పిల్లలా మూలిగి, రీలు మార్చేలోపు కుర్చీలో కూర్చుని మేనల్లుడికి మేజోళ్లు అల్లేది. మొదటిసారి చూసినవాళ్లు నోరు వెళ్లబెట్టేవాళ్లు.

నా పేరు ఆర్జియా. తెర మీది పెదవులూ మైకు ముందరి మాటా కలిశాయా లేదా పక్కన కూర్చుని చూడడం నా పని. నాకు నోటి దురుసు ఎక్కువని పేరు. నిజమే, ఎక్కువే. ఓదిల్లాకి అసలు నోరే లేదు. మా ఇద్దరికీ అందుకే కుదిరిందేమో.

ఆమెది రోము కాదు. యుగోస్లావియా సరిహద్దు కొండల్లో రేసియా అని ఒక లోయ ఉంది, అక్కడి మనిషి. ఆ లోయ మాట మాలో ఎవరికీ ఒక్క ముక్క అర్థం కాదు. చిన్నతనంలోనే రోముకి పనిపిల్లగా వచ్చింది. యజమానులు వెక్కిరిస్తే ఆ మాట పూర్తిగా మానేసి, రోము వాళ్లకన్నా శుభ్రంగా ఇటాలియన్ మాట్లాడడం నేర్చుకుంది. ఆ శుభ్రమైన మాటే తర్వాత అన్నం పెట్టింది. మొగుడు పోయాక ఒంటరిగా గర్బతెల్లా పేటలో రెండు గదుల్లో ఉండేది.

ఒక శరత్కాలంలో ఫాల్కెట్టి అనే డైరెక్టరు సినిమా ఒకటి పట్టుకొచ్చాడు. నిర్మాతా ఆయనే, డైరెక్టరూ ఆయనే, టీ కప్పులు లెక్కపెట్టేదీ ఆయనే. కథ పగ గురించి. పెళ్లిరోజున పెళ్లికొడుకుని ముగ్గురు స్నేహితులు కలిసి చంపుతారు. పెళ్లికూతురు ఒక్కొక్కడినీ వెతుక్కుంటూ వెళ్లి, పక్కలోకి చేరి, పక్కలోనే చంపుతుంది. చివరివాడు నల్ల చేతితొడుగులు వేసుకుని ఈమెనే చంపబోతాడు. కథ ఇంతే. మిగతాదంతా దుప్పట్లూ, పట్టు మేజోళ్లూ, రోము దగ్గరి బ్రచ్చానో చెరువు ఒడ్డున అద్దెకి తీసుకున్న ఒక పాత బంగళా.

ఇలాంటి సినిమాల్లో ఆ నల్ల తొడుగుల్లోని చేతులు నటుడివి అయ్యుండవు. చేతుల కోసం నటుడికి ఇంకో రోజు కూలి ఎవరిస్తారు? డైరెక్టరే తొడుక్కుని కెమెరా పక్కనుంచి చేతులు చాపుతాడు. మాకది కొత్తేమీ కాదు. ఇంకో సంగతి కూడా చెప్పాలి. మా దగ్గర షూటింగులో మాట రికార్డు చెయ్యరు. ఓ పక్క వడ్రంగి మేకులు కొడుతుంటాడు, డైరెక్టరు అరుస్తుంటాడు, నటులు నోటికొచ్చింది అంటుంటారు. డైలాగు గుర్తు లేకపోతే ఒకటి, రెండు, మూడు అని లెక్కపెడతారు. మాటలు తర్వాత మేం పెడతాం కదా అని సెట్లో ఎవరూ ఎవరి మాటా వినరు.

ఫాల్కెట్టి అంటే మొదటి రోజే నాకు గిట్టలేదు. గట్టిగా మాట్లాడేవాడు కాదు. అదే నాకు నచ్చలేదు. చిన్న తెల్లటి చేతులు, ఎప్పుడూ కడుక్కున్నట్టు ఉండేవి. మా వెనక వరసలో కూర్చుని, "బాగుందమ్మా, ఇంకొక్కసారి" అని మెత్తగా అనేవాడు. వెనక ఆయన ఉన్నంతసేపూ వీపు దురద పెట్టేది.

డబ్బింగులో సినిమాని ముక్కలు చేస్తారు. ఒక్కో ముక్కనీ రెండు కొసలూ అతికించి చుట్టలా తిప్పుతారు. అదే ముక్క తెర మీదికి మళ్లీ మళ్లీ వస్తూనే ఉంటుంది, మాట కుదిరేదాకా. ఆ రోజు వచ్చిన చుట్ట చివరివాడు గొంతు పిసికే సీను. పరుపు మీద అమ్మాయి, తెర కింది అంచు నుంచి రెండు నల్ల చేతులు, ఆమె మెడ. అమ్మాయి తెర పేరు నీనా లాంగ్. డైలాగులో, "నువ్వే, నాకు తెలుసు, నువ్వే" అని ఉంది. మొదటి తిప్పుకి ఓదిల్లా ఆ మాట అంది. కుదరలేదు. మళ్లీ అంది. అమ్మాయి పెదవులు ఇంకేదో అంటున్నాయి.

మూడో తిప్పుకి ఓదిల్లా నోరు తెరవలేదు. నేను పక్కకి చూశాను. సోంపు బిళ్ల ఆమె నోట్లోంచి మఫ్లరు మీద పడింది. ఆమెకి తెలియలేదు.

తెర మీది అమ్మాయి ఏమంటోందో ఓదిల్లా నాకు తర్వాత చెప్పింది. మీకు ఇక్కడే చెప్పేస్తాను. ఆమె అంటున్నది ఇటాలియన్ కాదు. రేసియా మాట. ప్రాణం మీదికి వస్తే ఎవరికైనా అమ్మ నేర్పిన మాటే వస్తుంది. "ఈడు నన్ను సంపేత్తన్నాడే అమ్మా. ఇది ఏసం కాదు. ఎవులైనా ఆపండి." చుట్ట తిరుగుతోంది. ఆ పిల్ల అదే మాట మళ్లీ మొదలుపెడుతోంది. ఆ చేతులు మా వెనక వరసలో కూర్చున్నాయి.

"ఏమైందమ్మా?" అన్నాడు ఫాల్కెట్టి.

"గొంతు పట్టేసింది" అంది ఓదిల్లా.

"నీళ్లు తాగండి. తొందరేం లేదు." తెర వైపు వేలు చూపించి, "అక్కడ ఆ పిల్ల ఏమంటోంది? డైలాగు కాదే అది" అన్నాడు.

"అంకెలండీ. లెక్కపెడుతోంది."

ఆయన లేచి మా వరసలోకి వచ్చాడు. ఓదిల్లా పక్క కుర్చీలో కూర్చుని తెరకేసి చూస్తూ, చాలా మర్యాదగా, "ఒకటి నుంచి పది దాకా మన ఇటాలియన్ అంకెల్లో పెదవులు కలిసే చోటే లేదు కదమ్మా" అన్నాడు. "ఆ పిల్లకి అస్తమానం కలుస్తున్నాయి. చూడండి. ఇక్కడ. మళ్లీ ఇక్కడ."

అది నిజం. మా పనిలో ఉన్న ఎవరికైనా తెలిసిన సంగతే. నాకూ భయమేసింది, ఎందుకో ఇంకా తెలియకుండానే. పక్కనున్న మనిషి భయపడితే ఆ భయం మనకీ అంటుకుంటుంది.

ఓదిల్లా మఫ్లరు సర్దుకుంది. "అయితే ప్రార్థన అయ్యుంటుంది" అంది. "మా కొండవాళ్లు దేవమాతకి చెప్పుకునే ప్రార్థన. మా అవ్వ చెప్పేది."

"ఓహో. మీదీ నీనాదీ ఒకే ఊరా?"

"ఒకే ఊరు కాదండీ. ఒకే లోయ. నాకు ప్రార్థన తప్ప ఇంకేమీ గుర్తు లేదు, మరిచిపోయాను."

ఆయన ఓదిల్లా ముఖంలోకి చూశాడు. చాలాసేపు చూశాడు. తర్వాత చిన్నగా నవ్వి, "పక్కలో ప్రార్థనా. జనం పిచ్చెక్కిపోతారు. అలాగే పలకండి. పెదవికి పెదవి కుదరాలి" అని తన వరసకి వెళ్లిపోయాడు.

ఓదిల్లాకి వేరే దారి లేకుండా పోయింది. ఉత్త ప్రార్థన పలికితే పెదవులు కుదరవు, ఆయన కనిపెట్టేస్తాడు. కుదరాలంటే ఆ మాటలే పలకాలి. ఏళ్ల తరబడి నాలుకకి తగలని మాటలు. వాటిని ఆయన వింటుండగా మైకులో చెప్పింది. "సంపేత్తన్నాడే అమ్మా." ఆయన, "ఇంకొక్కసారి" అన్నాడు. మళ్లీ చెప్పింది. "ఇంకాస్త ఏడుపు కలపండి" అన్నాడు. కలపాల్సిన పని లేకపోయింది. అద్దాల గదిలో ఉన్న మా సౌండు మనిషి తుల్లియో తలుపు తీసి, "అమ్మోయ్, ఇరవై ఏళ్లలో ఇట్లాంటి టేకు వినలేదు" అన్నాడు. ఫాల్కెట్టి మెల్లగా చప్పట్లు కొట్టాడు.

పోతూ పోతూ కోటు తొడుక్కుంటూ నాతో అన్నాడు: "రేపు చెరువు బంగళాలో ఒక ముక్క మళ్లీ తియ్యాలి ఆర్జియా. మెడ దగ్గరగా చూపించాలి. ఎవరూ అక్కర్లేదు. నేనూ, నీనా, చిన్న కెమెరా. కెమెరా నేనే తిప్పుకుంటాను."

ఓదిల్లాని కాఫీ కొట్టుకి లాక్కెళ్లి బ్రాందీ కలిపిన కాఫీ పోయించాను. ఆమె చెప్పింది విన్నాక నాకు ఒళ్లు మండింది. "పద, పోలీసుల దగ్గరికి."

"ఏమని చెప్తావే? సినిమాలో ఒక పిల్ల గొంతు పిసికారు బాబూ అనా? టిక్కెట్టు ఎక్కడ దొరుకుతుందని అడుగుతారు" అంది.

పోలీసుల మాట వదిలేశాను. ఆ సినిమాకి దుస్తులు చూసుకునే ఆవిడ నాకు తెలిసిన మనిషే. ఫోను చేసి నీనా ఎక్కడ ఉంటుందో కనుక్కున్నాను. స్టేషను వెనక ఒక చిన్న లాడ్జి. ఇంకా వెలుతురు ఉండగానే వెళ్లాం. తలుపు తీసిన పిల్ల ఇరవై రెండేళ్లకి మించి ఉండదు. మెడకి పట్టు రుమాలు, చేతిలో సగం తిన్న రొట్టె. అసలు పేరు నీవెస్ అని చెప్పింది.

"మీరేనా నా గొంతు?" అని ఓదిల్లాని కిందికీ పైకీ చూసింది. "మా అమ్మకన్నా పెద్దవాళ్లే. పోయిన సినిమా చూసి మా చెల్లి రాసింది, నీకు జలుబు చేసిందా అక్కా అని."

ఇంకో రోజైతే నేను ఊరుకునేదాన్ని కాదు. ఓదిల్లా సూటిగా అడిగింది, రేపు వెళ్తున్నావా అని. వెళ్తున్నానంది నీవెస్. ఆ గొంతు పిసికే సీను రోజు ఏం జరిగిందని అడిగితే, లైట్ల వేడికి కళ్లు తిరిగాయంది. ఫాల్కెట్టిగారే సోడా తాగించారంది, పూలు కూడా పంపారంది. కిటికీలో నిజంగానే పూలు ఉన్నాయి.

"ఆయన నీ మీద కోపంగా ఉన్నాడా?" అన్నాను నేను.

"కోపమా? షూటింగు మొదటి వారంలో ఒక రాత్రి నా గది తలుపు కొట్టారు. తియ్యలేదు. పొద్దున్న భోజనాల బల్ల దగ్గర అందరి ముందూ ఆ మాట చెప్పి నవ్వేశాను. అందరూ నవ్వారు. ఆయన కూడా నవ్వారు. అప్పట్నించీ నాతో ఎంత మర్యాదగా ఉంటున్నారో చెప్పలేను."

ఈ పిల్ల చేసింది పగ సినిమా. పగ అంటే కత్తి పట్టుకుని కళ్లెర్రజేసి వస్తుందనుకుంటోంది. అది పూలు కూడా పంపుతుందని సినిమాలో ఎవరూ చూపించలేదు.

ఓదిల్లా పరుపు అంచున కూర్చుంది. రుమాలు తియ్యమని అడగలేదు. ఆ పిల్ల చెయ్యి పట్టుకుని, మైకులో పలికినట్టే, ఆ పిల్ల గొంతుతోనే అంది. "ఈడు నన్ను సంపేత్తన్నాడే అమ్మా. ఇది ఏసం కాదు. ఎవులైనా ఆపండి."

నీవెస్ చేతిలోంచి రొట్టె పక్క మీద పడింది.

"అయి నా మాటలు" అంది, లోయ మాటలో. "ఎవులూ ఇనలేదు. అందరూ నన్నే సూత్తన్నారు గానీ ఎవులూ ఇనలేదు. ఎవులూ ఇనకపోతే నేననలేదేమో అనుకున్నాను పిన్నీ."

"అన్నావు. నానిన్నాను" అంది ఓదిల్లా.

పెట్టె సర్దడానికి పెద్దగా ఏమీ లేదు. ఆ సాయంత్రం బండికి వాళ్ల లోయ దగ్గరి ఉదీనె వైపు ఎక్కించాం. కిటికీలోంచి చెయ్యి ఊపలేదు, వెనక్కి జరిగి కూర్చుంది. బండి కదిలాక ఓదిల్లా నన్ను పట్టుకుని, "ఇప్పుడు వాడు నాకోసం వస్తాడు" అంది.

వచ్చాడు. మర్నాడు మధ్యాహ్నమే, కేకు డబ్బా పట్టుకుని. "నీనా రాలేదమ్మా. నిన్న ఇద్దరు ఆడవాళ్లు వచ్చి తీసుకెళ్లారట. ఒకావిడ మెడకి ఊలు మఫ్లరట." డబ్బా ఓదిల్లా ఒళ్లో పెట్టాడు. "తినండి. గొంతు జాగ్రత్త. చలికాలం వస్తోంది." అంతే. ఇంకొక్క మాట అనలేదు. మిగతా ముక్కలన్నీ ఆమెతోనే పలికించుకున్నాడు, వెనక వరసలో కూర్చుని.

తర్వాత ఆమె వీధి మలుపులో కనిపించడం మొదలుపెట్టాడు. టోపీ తీసి నమస్కారం పెట్టేవాడు. ట్రాములో రెండు సీట్ల అవతల కూర్చునేవాడు. ఇంటికి ఫోను వచ్చేది. ఎత్తితే అవతల ఎవరో ఊపిరి పీల్చే చప్పుడు. ఓదిల్లా తలుపు దగ్గర బీరువా జరిపి పెట్టుకుని పడుకునేది. మఫ్లరు తియ్యడం మానేసింది, స్నానానికి కూడా. మైకు ముందు నిలబడితే వెనక్కి తిరిగి చూసేది. పెదవి తప్పేది. మూడు సినిమాలు చేజారాయి. మా ఇంటికి వచ్చెయ్యవే అంటే, "నీ మీదికి కూడా వాడిని తెమ్మంటావా?" అనేది. నేను ఒకసారి వీధిలోనే వాడిని నిలేసి నోటికొచ్చినట్టు తిట్టాను. విని, "ఆరోగ్యం జాగ్రత్త ఆర్జియా" అన్నాడు. ఆ రాత్రి నేను కూడా గొళ్లెం రెండుసార్లు చూసుకున్నాను.

చలికాలంలో సినిమా విడుదలైంది. ఆ లోయ మగవాళ్లు ఏం చేసి బతుకుతారో నేను ఇంతవరకు చెప్పలేదు. కత్తులకి సాన పెడతారు. సైకిలుకి సానరాయి బిగించుకుని దేశమంతా తిరుగుతారు. వాన పడితే పని ఉండదు, చవక హాల్లో కూర్చుంటారు. ఆ సినిమాకి అందరూ ఎందుకు వెళ్తారో వాళ్లూ అందుకే వెళ్లారు. వాళ్లు దేవుళ్లని నేను అనను. కాని చీకట్లో, నోళ్లు తెరుచుకుని చూస్తున్నప్పుడు, తెర మీద నుంచి తమ ఇంటి మాటలో ఒక ఆడపిల్ల ఆపండని ఏడ్చింది. మిలానులో ఒకడు విన్నాడు. బొలోన్యాలో ఒకడు. రోములో ఇద్దరు. పిల్లని గుర్తుపట్టి లోయకి కబురు పెట్టారు. ఇల్లు చేరిన పిల్లని పెద్దవాళ్లు అడిగితే చెప్పిందట. చేతులు ఎవరివో కూడా చెప్పిందట.

ఆ తర్వాత ఫాల్కెట్టి ఇంటి ముందు ఒక సానవాడు సైకిలు నిలిపాడు. కత్తి ఒకటి తీసి రాయి మీద పెట్టాడు. పొద్దంతా సాన పెట్టాడు. మర్నాడు ఇంకొకడు. ఎవరూ ఏమీ అనరు. ఆయన బయటికి వస్తే తలెత్తి, "కత్తులేమైనా ఉన్నాయా దొరా?" అని అడుగుతారు. పోలీసులు వచ్చి చూసి, సానవాడు సాన పెట్టక వయొలిన్ వాయిస్తాడా అని వెళ్లిపోయారట. ఆయన తూరినో వెళ్లాడు. హోటలు కిటికీ కింద రాయి చప్పుడు. నాపోలి వెళ్లాడు. అక్కడా అదే. ఇవన్నీ ఆయనింటి పనిమనిషి మా తుల్లియోకి మోసుకొచ్చేది. ఓదిల్లా వీధి మలుపులో మాత్రం ఇక ఎవరూ నిలబడలేదు.

వసంతంలో ఒక మధ్యాహ్నం ఆయన మా నేలమాళిగలోకి దిగాడు. గుర్తుపట్టలేకపోయాను. కాలరు మెడ చుట్టూ వదులుగా వేలాడుతోంది. ఓదిల్లా లేచి గోడకి ఆనుకుంది. నేను కత్తెర అందుకున్నాను.

"ఆ సీనులో మీరు పలికిందేమిటి?" అని అడిగాడు. మెత్తదనం లేదు, గొంతు గీరుకుపోయింది. "ప్రార్థన కాదు కదా."

"కాదండీ." ఓదిల్లా శుభ్రమైన ఇటాలియన్లో చెప్పింది. "'వీడు నన్ను చంపేస్తున్నాడమ్మా. ఇది నటన కాదు. ఎవరైనా ఆపండి.' ఆ పిల్ల అన్నది అదీ. నేను పలికింది అదీ."

ఆయన ఖాళీ తెర వైపు చూశాడు. "వాళ్లు నన్ను ఏం చేస్తారు?"

"ఏమీ చెయ్యరు."

"మీకెలా తెలుసు?"

"మీరు కూడా నన్నేమీ చెయ్యలేదు కదండీ. మలుపులో నిలబడ్డారు. టోపీ తీశారు."

ఆయన కుర్చీ వీపు పట్టుకుని నిలబడ్డాడు. "కొన్నాళ్లకి అలవాటవుతుందా?" అని అడిగాడు. వెటకారం కాదు, నిజంగానే అడిగాడు.

"నాకు కాలేదు" అంది ఓదిల్లా.

ఆయన మెట్లెక్కి వెళ్లిపోయాడు. నాకు నవ్వొచ్చింది, గెలిచామనిపించింది. పిచ్చిదాన్ని, ఓదిల్లా వైపు తిరిగి ఏదో అనబోయాను. ఆమె ఇంకా గోడకే ఆనుకుని ఉంది, రెండు చేతులతో మఫ్లరు పట్టుకుని.

"వెళ్లాడేమో చూసి రావే" అంది.

పైకెళ్లి చూశాను. వీధి ఖాళీ. వచ్చి చెప్పాను.

"ఇంకోసారి చూడవే" అంది. మళ్లీ వెళ్లాను.